చావు వేషాల దొరసాని

డోరీన్ పోయిన వారం నిజంగానే చచ్చిపోయింది. నిజంగానే అని ఎందుకంటున్నానంటే, అంతకుముందు చాలాసార్లు చచ్చింది. గొంతు పిసికితే చచ్చింది, చెరువులో తోస్తే చచ్చింది, ఒకసారి పుట్టగొడుగుల కూర తిని కూడా చచ్చింది. ఇంగ్లండు టీవీ సీరియళ్ళలో శవం వేషాలకి పెట్టింది పేరు. పేరంటే మళ్ళీ మీరు గొప్ప పేరనుకునేరు. చివర్లో బోలెడు పేర్లు గబగబా పైకి పోతుంటే మనం లేచి కంచాలు తీస్తాం చూడండి, ఆ గుంపులో ఉండే పేరు. ఇక్కడ ఆస్ట్రేలియాలో, క్రాన్‌బర్న్‌లో మా పక్కింట్లో పదేళ్ళకి పైగా ఉంది. అంత్యక్రియలకి వెళ్తే, కోటు తొడుక్కున్న ఒకాయన లేచి, ఈవిడ చాలాకాలం టెలివిజన్‌లో పనిచేశారు, ఆ పనిని ఆనందించారు అని ఒక్క ముక్క చెప్పి, కాఫీ పక్కగదిలో ఉందన్నాడు. నాకు ఒళ్ళు మండిపోయింది. మా వైపు నాటకానికి పందిరి గుంజలు పాతినవాడు పోయినా ఇంతకంటే ఎక్కువ చెప్పుకుంటారు. మా అమ్మాయి సుజాత నా చెయ్యి నొక్కి, "అమ్మా, ప్లీజ్, ఇక్కడ మొదలెట్టకు" అంది. మొదలెట్టలేదు. ఇంటికొచ్చి ఇక్కడ మొదలెడుతున్నా. నా రాత సంగతి ముందే చెప్తున్నా. తెలుగు అక్షరాలు నాకు నలభై దాటాక, సుజాత విసుక్కుంటూ నేర్పితే వచ్చాయి. ఇంగ్లీషు అక్షరాలు అరవై దాటాక ఇక్కడి లైబ్రరీలో వచ్చాయి. తప్పులుంటే మీరే దిద్దుకు చదువుకోండి, నాకు చెప్పకండి.

శవం వేషమంటే నాకు చిన్నచూపేమీ లేదు. నా మొదటి వేషమూ అదే. మా అమ్మ వీరమ్మ పద్యనాటకాల్లో రాణి వేషం కట్టేది. తెనాలిలో రైలుగేటు అవతల ఒక పెంకుటింట్లో సగం మాది, సగం నాటకం సామానుది. ఆ గీత కూడా పేరుకే. పడుకుంటే తల దగ్గర కిరీటాలు, కాళ్ళ దగ్గర గదలు. నిద్దట్లో కాలు జాడిస్తే గద డొల్లుకుంటూ పోయి బిందెకి తగిలేది. ఇల్లంతా కొబ్బరినూనె వాసన, రంగుల్లో కలిపే అర్దళం వాసన, వాటి మీద సాంబయ్య మాస్టారి చుట్ట వాసన. అమ్మ పొద్దున్నే లేచి, మొహాన మిగిలిన రంగుని నూనెగుడ్డతో తుడుచుకుంటూ అరుగు మీద కూచునేది. సగం మొహం రాణి, సగం మొహం మా అమ్మ. మిరియాల కషాయం గొంతులో పడేదాకా నోరు విప్పేది కాదు. ఈలోగా నన్ను తిట్టాల్సొస్తే గరిటె విసిరేది. కషాయం తాగాక, ఆ గరిటె దేనికో వివరంగా, రాగయుక్తంగా చెప్పేది. గొంతు పాడవుతుందని పెరుగు ముట్టేది కాదు, మమ్మల్ని మాత్రం పెరుగు తినకపోతే తన్నేది.

మా నాటకం కంపెనీలో ఆడవాళ్ళెవరికీ అక్షరం ముక్క రాదు. మగవాళ్ళలో సగం మందికి రాదు, మిగతా సగం వచ్చని చెప్పుకునేవాళ్ళు. హార్మోనియం వాయించే సాంబయ్య మాస్టారికి వచ్చు, నేర్పడు. "అక్షరం కంట్లో పడిందంటే చెవి చస్తుందే, ఎందుకొచ్చిన చదువు" అనేవాడు. మధ్యాహ్నం పూట వంటింటి గడప మీద హార్మోనియం పెట్టుకుని ఒక పాదం అనేవాడు, లోపల్నించి అమ్మ పని ఆపకుండా ఆ పాదం అనేది. పప్పు ఉడికేసరికి పద్యం వచ్చేసేది. ఏ పద్యం నేర్చుకుంటూ ఏ పని చేసిందో ఆ పని పేరే ఆ పద్యానికి. గోంగూర పద్యం, బియ్యం ఏరే పద్యం, బొగ్గులు కొట్టే పద్యం. పని చేతిలో ఉంటేనే మాట నోటికొచ్చేది కాబట్టి, స్టేజి మీద కూడా చేతులు ఊరుకునేవి కావు. మహారాణిగారు సింహాసనం మీద కూచుని రాజుగారితో విరహం చెప్పుకుంటూ వేళ్ళతో రాళ్ళు ఏరి పక్కన పారేసేది. జనం అది అభినయం అనుకునేవాళ్ళు. ఆ పద్యానికి ముద్రలు ఎవరు నేర్పారమ్మా అని ఒక పంతులుగారు అడిగితే, అమ్మ సిగ్గుపడి, రేషన్ బియ్యమండీ అంది.

చెవితో నేర్చుకోడంలో ఒక చిక్కుంది. చెవికి ఏది పద్యమో ఏది కాదో తెలీదు. మాస్టారికి చుట్ట దగ్గు. ఒక పద్యంలో మూడో పాదం సగంలో ఆయన ఎప్పుడూ దగ్గేవాడు. ఆయన దగ్గర నేర్చుకున్న వాళ్ళందరం అక్కడికి రాగానే బుద్ధిగా దగ్గేవాళ్ళం. రాణి దగ్గేది, రాణికి జ్వరమొస్తే ఆ వేషం కట్టే కమల దగ్గేది, తెర వెనకాల ఊరికే పాడుకునే నేనూ దగ్గేదాన్ని. బందరులో నాటకం పెట్టించినాయన మాస్టార్ని పిలిచి, "ఏవయ్యా, మీ ఆడవాళ్ళందరికీ ఒకేచోట దగ్గొస్తుందేం? క్షయా?" అని అడిగాడు. మాస్టారు చుట్ట తీసి, "అది భావమండీ" అన్నాడు. ఆ పైయేడు పక్క కంపెనీ వాళ్ళు కూడా ఆ పద్యంలో దగ్గడం మొదలుపెట్టారు.

నా శవం వేషంలో పాట లేదు, మాట లేదు. అమ్మ ఒళ్ళో చచ్చి పడుకోవాలి, అమ్మ ఏడవాలి. అమ్మ కాటుక కరిగి నా ముక్కు మీద పడి దురద పుట్టేది. కదిలితే చీర కొంగు కింద గిల్లేది, ఏడుపులో శ్రుతి తప్పకుండా. జనం వన్స్‌మోర్ అంటే పద్యం మళ్ళీ పాడాలి, అంటే నేను మళ్ళీ చావాలి. పెద్ద వేషాలకైతే ఇంకా తమాషా. యుద్ధంలో పడిపోయిన రాజుగారు చచ్చేముందు పాడిన పద్యానికి వన్స్‌మోర్ పడితే, శవం లేచి, దుమ్ము దులుపుకుని, కిరీటం సర్దుకుని, పద్యం మొత్తం పాడి, చోటు చూసుకుని మళ్ళీ పడిపోయేవాడు. రెండోసారి ఇంకా బాగా చచ్చాడని మెచ్చుకునేవాళ్ళు.

డోరీన్‌కి నేను మొదట చెప్పిన కథ ఇదే. పరిచయం కూడా అలాగే అయింది. పెరట్లో బట్టలారేస్తూ నేను గొంతెత్తి అమ్మ పద్యం ఒకటి లాగుతుంటే, చెక్క కంచె పైనుంచి ఒక తెల్లజుట్టు తల లేచింది. ఆవిడ ఇంగ్లీషులోనే అంది, నేను నాకు తెలిసిన తెలుగులో రాస్తున్నా.

"ఎవర్ని చంపుతున్నారక్కడ?"

"నా మొగుణ్ణి. పాటలో" అన్నాను.

"ఎలా పోయాడు?"

"యుద్ధంలో."

"అదృష్టవంతుడు. నన్నెప్పుడూ హాల్లో కార్పెట్ మీద చంపేవాళ్ళు" అంది.

ఆ తర్వాత నుంచి రోజూ టీ మా ఇంట్లోనే. నా ఇంగ్లీషు ఆవిడకి సగం, ఆవిడ ఇంగ్లీషు నాకు సగం అర్థమయ్యేవి. మిగతా సగం ఇద్దరం నటించేవాళ్ళం. వన్స్‌మోర్ సంగతి చెప్తే పడీపడీ నవ్వి, మాకూ అంతే రట్నా, కాకపోతే అడిగేది జనం కాదు, డైరెక్టరు, అదీ శవం బాగాలేదని అడుగుతాడు అంది. నా పేరు ఆవిడ నోట్లో పడి రట్నా అయింది. ఆవిడ కథ అలా టీ కప్పుల్లో ముక్కలుముక్కలుగా తెలిసింది. లండన్‌లో నటన నేర్పే బడిలో చదివింది. మొదట నర్సు వేషాలు, ట్రే పట్టుకుని లోపలికొచ్చి ట్రే పట్టుకుని బయటికెళ్ళడం. ఒకరోజు శవంగా పడుకోవాల్సిన పిల్లకి తుమ్ములు పట్టుకుంటే, పక్కన ట్రేతో నిలబడ్డ డోరీన్‌ని పడుకోమన్నారు. అప్పుడే పైన లైటు బల్బు ఢామ్మని పేలింది. అందరూ ఎగిరి గెంతారు, డోరీన్ రెప్ప కొట్టలేదు. అంతే, తలరాత రాసేశారు. శవం కావాలంటే డోరీన్‌ని పిలవండి, కదలదు అనేవాళ్ళు. తనని చంపిన వాళ్ళ గురించి ఆవిడ చుట్టాల గురించి చెప్పినట్టు చెప్పేది. ఒకాయన రెండు వేర్వేరు సీరియళ్ళలో గొంతు పిసికాడట. మంచి మర్యాదస్తుడు, చేతులు చల్లగా ఉంటే ముందు రుద్దుకుని వచ్చేవాడు అనేది. లైట్లు పట్టే ఒకణ్ణి కట్టుకుని ఆస్ట్రేలియా వచ్చింది. వాడు ఇంకెవర్తినో పట్టుకుని పెర్త్ పోయాడు. ఇక్కడా కొన్నిసార్లు చచ్చింది. ఇక్కడ చావడం కష్టం, ఈగలు వాల్తాయి, అవి చూసి డైరెక్టరు మురిసిపోతాడు అనేది.

ఇన్నీ నవ్వుతూ చెప్పేది గానీ, ఒక్కటి మాత్రం నవ్వకుండా చెప్పింది. "నా మొహం ఎంతోమంది చూశారు రట్నా. నా గొంతు మా పిల్లి తప్ప ఎవరూ వినలేదు. ఒక్క వేషంలో, ఒక్కసారి, నాలుగు మాటలు పూర్తిగా మాట్లాడి పోవాలని ఉంది."

అడిగింది దొరకడానికి ఆలస్యమైంది. అప్పటికి ఆవిడ కళ్ళు పోతున్నాయి. కంటి మధ్యలో మచ్చ. పక్కనున్నది కనిపిస్తుంది, ఎదురుగా ఉన్నది కనపడదు. నన్ను చూడాలంటే గోడవైపు తిరిగేది. ఆ సమయంలో సిటీ నుంచి ఎవరో ఫోను చేసి, ఇక్కడి సీరియల్లో ఒక వేషం ఉందన్నారు. ఆసుపత్రి మంచం మీద ముసలావిడ, పక్కన మనవరాలు. ముసలావిడ తన గులాబీ తోట గురించి ఒక పేజీడు మాట్లాడి, అప్పుడు చస్తుంది. డోరీన్ ఎగిరి ఒప్పేసుకుంది. పేజీ చదవలేనని మాత్రం చెప్పలేదు.

సుజాత విని ఊరుకోలేదు. "ఆంటీ, యూ షుడ్ టెల్ దెమ్. వాళ్ళే హెల్ప్ చేస్తారు, ఇక్కడ ఇప్పుడు అంతా చాలా సపోర్టివ్."

"తెలుసమ్మా. చాలా మర్యాదగా నాకు సారీ చెప్పి, చాలా మర్యాదగా ఇంకోదాన్ని పిలుస్తారు" అంది డోరీన్.

"అమ్మా, నువ్వైనా చెప్పవే!"

"నేనేం చెప్తానే? ఆవిడ చోట్లో నేనున్నా చెప్పను" అన్నాను.

సరే, పేజీ నేను చదవడం మొదలుపెట్టాను. లైబ్రరీ చదువు కదా, మాట కింద వేలు పెట్టి, ఒక్కో అక్షరం కూడబలుక్కుంటూ. డోరీన్‌కి ఊరికే వింటే ఒంటబట్టలేదు. బళ్ళో చదివిన చెవి, దానికి కాగితం అలవాటు. అప్పుడు చిక్కుడుకాయల పళ్ళెం ఒళ్ళో పెట్టి ఈనెలు తీయమన్నాను. ఒక వాక్యం, నాలుగు చిక్కుడుకాయలు. మొదట విసుక్కుంది, నువ్వు నాచేత వంటపని చేయించుకుంటున్నావు అంది. అవును, చేయించుకుంటున్నా అన్నాను. వారం తిరిగేసరికి గులాబీల ముక్క మొత్తం గడగడా వచ్చేసింది. మా ఇంట్లో మాత్రం చిక్కుడుకాయ కూర పేరెత్తితే అల్లుడుగారు బయట తినొస్తానని ఫోను చేసేవాడు.

షూటింగ్ రోజు సుజాత ఆఫీసుకి సెలవు పెట్టి కార్లో తీసికెళ్ళింది. నేను డోరీన్‌కి సాయం మనిషినని చెప్పాం. ఆవిడకి ఆసుపత్రి గౌను తొడిగి, నెరిసిన జుట్టు మీద ఇంకా నెరిసిన విగ్గు పెట్టారు. అప్పుడు నిక్కరేసుకున్న గడ్డం డైరెక్టరు నవ్వుకుంటూ వచ్చి, ఆవిడ చేతిలో కొత్త కాగితం పెట్టాడు. గులాబీలు తీసేశాం, ఇది చాలా బావుంది, చిన్నదే, ఒక్కసారి చూసుకోండి, ఇప్పుడే తీసేద్దాం అన్నాడు. డోరీన్ కాగితం వైపు తల వంచి, చూసినట్టు అభినయించి, "చాలా బావుంది" అంది. తర్వాత నా మణికట్టు పట్టుకుంది చూడండి, శవం వేషాలు వేసిన మనిషి పట్టు అలా ఉంటుందని నాకు తెలీదు.

ఇద్దరం పోయి పెద్ద బాత్‌రూంలో గడియ పెట్టుకున్నాం. నేను మొట్టమొదటిసారి చూస్తున్న కాగితం. కళ్ళజోడు చెమటకి జారిపోతోంది. కమోడ్ మీద కూచుని డోరీన్, "నా చేతికేదైనా ఇయ్యి రట్నా, చేతులు ఖాళీగా ఉంటే లోపలికి పోదు" అంది. చిక్కుడుకాయలు ఎక్కడ తెచ్చేది? గోడకున్న కాగితం చుట్ట చూపించాను. ఆవిడ ఒక్కో ముక్క చింపుతోంది, నేను ఒక్కో మాట లాగుతున్నాను. ముసలావిడ మనవరాలితో అంటుంది: ఆరోజు కారు గుద్దింది నువ్వని నాకు తెలుసు. పోలీసులకి నేనే అని చెప్పాను. నేను వెళ్ళాల్సిన చోట్లన్నీ అయిపోయాయి, నీకింకా మొదలవలేదు. అర్థం తర్వాత తెలిసింది గానీ, అప్పుడు నాకు అవన్నీ రాళ్ళే. పెద్ద మాట వచ్చినప్పుడల్లా ఆగిపోయేదాన్ని, గుటక మింగి, వెనక్కొచ్చి మళ్ళీ ఎక్కేదాన్ని. బయట ఒకమ్మాయి తలుపు కొట్టి, "ఎవ్రీథింగ్ ఓకే ఇన్ దేర్?" అంది. డోరీన్ వెంటనే వాంతి వస్తున్నట్టు ఒక శబ్దం చేసింది. ఎంత బాగా చేసిందంటే నేనే కంగారుగా బక్కెట్టు కోసం చూశాను. ఆ అమ్మాయి టేక్ యువర్ టైమ్ అంటూ పారిపోయింది. నేల మీద తెల్లకాగితం ముక్కలు కుప్పపడ్డాయి. ఆఖరి ముక్క చింపి, పద అంది.

మంచం మీద పడుకుంది. నేను కెమెరా వెనకాల గోడకంటుకుని నిలబడ్డాను. యాక్షన్ అన్నారు. డోరీన్ మొదలుపెట్టింది. అయ్యో, నా ఆగుళ్ళన్నీ నేర్చుకుంది! నేను ఎక్కడ నత్తిగా ఆగానో అక్కడ ఆగింది, ఎక్కడ గుటక మింగానో అక్కడ మింగింది. నేను వెనక్కొచ్చి రెండోసారి అన్న మాట రెండోసారి అంది. నేను వెళ్ళాల్సిన చోట్లన్నీ అని ఆగి, ఆగి, ఇంక మర్చిపోయింది, అయిపోయింది అనుకుంటుండగా, అయిపోయాయి అంది. దుప్పటి మీద వేళ్ళు లేని కాగితం చింపుతూనే ఉన్నాయి. నేను పమిట నోట్లో కుక్కుకున్నాను. చూస్తే మైకు పట్టుకున్నవాడి కళ్ళలో నీళ్ళు. మనవరాలి వేషం పిల్ల నిజంగానే వెక్కి వెక్కి ఏడుస్తోంది. కట్ అన్నాక డైరెక్టరు వచ్చి మంచం పక్కన మోకాళ్ళ మీద కూచుని, ఆ ఆగుళ్ళు, ఆ మింగుళ్ళు, అవన్నీ ఎలా వచ్చాయి అని అడిగాడు. డోరీన్ కళ్ళు మూసుకుని, "నలభై ఏళ్ళ అనుభవం నాయనా" అంది. కార్లో ఎక్కాక, నా నత్తి నీ అనుభవం ఎప్పుడైందే దొంగమొహందానా అన్నాను, తెలుగులోనే. ఆవిడకి పూర్తిగా అర్థమైంది.

ఆ సీరియల్ టీవీలో వచ్చేలోపు నాకు అమ్మ బాగా గుర్తొచ్చేది. అమ్మ గొంతు ఇప్పుడు ఎక్కడా లేదు. రేడియో నుంచి ఒకాయన రికార్డు చేసే పెట్టె మోసుకుని మా పెంకుటింటికొచ్చి, వీరమ్మగారి పద్యాలు పట్టుకుంటాం అంటే, సాంబయ్య మాస్టారు గడప తొక్కనివ్వలేదు. బాణీలు పక్క కంపెనీ వాళ్ళు ఎత్తుకుపోతారట. దగ్గుతో సహా అంతా ఎప్పుడో ఎత్తుకుపోయారుగా మాస్టారూ అని ఎవరూ అనలేకపోయారు. ఇప్పుడు మా సుజాత ఫోనులో పక్కవాళ్ళ కుక్క ఆవలింత కూడా దాచుకుంటుంది. అప్పుడు దాచుకోదగ్గది దాచుకునే దిక్కులేదు, ఇప్పుడు దాచుకునే దిక్కుంది గానీ జనం దాచేది ఇదీ. ఏది మేలు అంటే ఏం చెప్పను? అప్పటి రోజులు బంగారం అనే ముసలాళ్ళని చూస్తే నాకు చిరాకు. అప్పుడు గదలు కాళ్ళకి తగిలేవి, గిల్లితే కమిలేది. అయినా ఆ గొంతు ఒక్క పాదం ఈ చెవిలో పడితే, ఎనభయ్యో పడిలో ఉన్న ఈ కట్టె మళ్ళీ ఒళ్ళో పడుకుని చావడానికి సిద్ధమే.

సీరియల్ వచ్చిన సాయంత్రం డోరీన్ జుట్టు చుట్టించుకుని, లిప్‌స్టిక్ వేసుకుని వచ్చింది. పకోడీలు వేశాను. టీవీకి ఎదురుగా కూచుంటే కనపడదు కాబట్టి, కిటికీ వైపు మొహం పెట్టి పక్కకళ్ళతో చూస్తూ కూచుంది, అదీ మసకమసగ్గా. గొంతు మొదలైంది. ఒక్క మాట కోయలేదు. ఆగుళ్ళు, మింగుళ్ళు, అన్నీ ఉన్నాయి. మా గదంతా ఆ గొంతే. డోరీన్ పెదాలు కదుపుతూ విన్నది, కొత్తగా బడికెళ్ళిన పిల్ల తన పేరు పిలిస్తే విన్నట్టు. అయిపోయి ప్రకటన వచ్చింది.

"ఎలా ఉన్నాను? విగ్గు మరీ ఘోరంగా ఉందా?" అంది.

సుజాత నావైపు చూసి తల అడ్డంగా ఆడించింది, చెప్పొద్దని. కానీ డోరీన్ అడిగింది నన్ను.

"నువ్వు కనపడలేదు" అన్నాను.

"అంటే?"

"ఆ పిల్ల మొహమే చూపించారు, మొదట్నించీ చివరిదాకా. నీది గొంతు. మధ్యలో ఒకసారి దుప్పటి మీద నీ చెయ్యి. తర్వాత ఖాళీ మంచం."

"నేను చచ్చింది?"

"లేదు. చూపించలేదు."

"అమ్మా!" అంది సుజాత పళ్ళు కొరుకుతూ. డోరీన్ లిప్‌స్టిక్ పెట్టుకున్న పెదాలు ఒకటి రెండుసార్లు బిగుసుకున్నాయి. నా నోట్లో మన్నుపడ, ఈవిడిప్పుడు ఏడిస్తే ఏం చెయ్యాలా అనుకున్నాను.

"అయితే రట్నా," అంది చివరికి, "ఈ ఒక్కదాన్లో నేను బతికే ఉన్నానన్నమాట." అని, నేను అటున్నాననుకుని సుజాత వైపు ప్లేటు చాచి, ఇంకో రెండు పకోడీలు వెయ్యమంది.